క్రెమ్లిన్ గడప తొక్కిన తెలుగువాళ్ళు

(నకరికల్లులో చరిత్ర మాస్టారి సంస్మరణ సభలో చేసిన ఉపన్యాసం. అచ్చు కోసం కొన్ని తేదీలు చేర్చి, రెండు మూడు చోట్ల మాట సవరించాను.)



అగ్రరాజ్యాల పోటీ, సైనిక కూటములు, దౌత్యం గురించి మాట్లాడతానంటే నిర్వాహకుల్లో ఒకాయన మొహమాటపడుతూనే అన్నారు: "మిర్చి ధర ఎంత పలికిందో చెప్పుకునే ఊళ్ళో అమెరికా రష్యాల గొడవ ఎవరికి ఎక్కుతుందండీ?" నాకు ఆ అనుమానం లేదు. రాయబారం అంటే ఏమిటో పల్నాటివాళ్ళకి ఒకరు చెప్పక్కర్లేదు. పల్నాటి యుద్ధ కథలో రాయబారిగా వెళ్ళిన అలరాజు విషప్రయోగానికి బలైన కథ విని పెరిగినవాళ్ళం. ఎవరు నలగాముడి పక్షం, ఎవరు మలిదేవుడి పక్షం, చివరి గడియలో ఎవరు ఎవరికి సాయం వచ్చారు అన్నది కారంపూడి తిరునాళ్ళలో ఇప్పటికీ ఆవేశంగానే వాదించుకుంటారు. కూటమి రాజకీయం మనకు కొత్త కాదు.

మాస్టారు పాఠ్యపుస్తకంలోని ఏ యుద్ధాన్నైనా గుంటూరు జిల్లా మీదుగా తిప్పి చెప్పేవారు. పిల్లలు నవ్వుకునేవారు కానీ చాలాసార్లు ఆయన మాటే సరైనదయ్యేది. రెండో మైసూరు యుద్ధాన్నే తీసుకోండి. 1768 ఒప్పందం ప్రకారం గుంటూరు సర్కారు నిజాం తమ్ముడు బసాలత్ జంగుకి జీవితాంతం జాగీరు. ఆయన దగ్గర ఫ్రెంచి పటాలం ఉండేది. దానికి మనుషులు, మందుగుండు మోటుపల్లి రేవు నుంచి దిగుతున్నాయని మద్రాసు ఇంగ్లీషువాళ్ళకి గుబులు. 1779లో వాళ్ళు నిజాంతో మాట మాత్రం చెప్పకుండా నేరుగా బసాలత్ జంగుతో బేరం కుదుర్చుకున్నారు. ఫ్రెంచివాళ్ళని పంపెయ్యి, గుంటూరు మాకు కౌలుకియ్యి, రక్షణకి మా సైన్యం వస్తుంది అన్నారు. ఆ సైన్యం హైదరాలీ గడ్డ మీదుగా నడిచింది. తనను అడగలేదని నిజాముకి మంట, తన నేల తొక్కారని హైదరుకి మంట. మరుసటి ఏడు హైదరు కర్ణాటకం మీద విరుచుకుపడటానికి ఉన్న కారణాల్లో మన గుంటూరు కౌలు ఒకటి. యూరపులో ఇంగ్లండు, ఫ్రాన్సు తలపడుతుంటే ఇక్కడ ఒక జాగీరు కౌలు కాగితం మూడు రాజ్యాలని కదిలించింది. చివరికి 1788లో గుంటూరు కంపెనీ చేతికి వచ్చింది. గురజాల, మాచర్ల వైపు పల్నాడు ఆర్కాటు నవాబుది కాబట్టి 1801 దాకా ఆగి, కర్ణాటకంతో పాటు కంపెనీలో కలిసింది. సంధి పత్రం మీద సంతకం చేసినవాళ్ళెవరూ ఈ రెండు చోట్ల దున్నుకుంటున్నవాళ్ళని అడగలేదు.

ఇరవయ్యో శతాబ్దానికి వద్దాం. ఇవాళ నేను చెప్పదలచుకున్న చరిత్రకారుడు సర్వేపల్లి గోపాల్. రాధాకృష్ణన్ గారి ఏకైక కుమారుడు. 1923లో మద్రాసులో పుట్టారు, 2002లో అక్కడే పోయారు. ఆక్స్‌ఫర్డులో చదువుకుని, వైస్రాయి రిపన్ పాలన మీద పరిశోధన చేసి, 1948 నుంచి 1952 దాకా వాల్తేరులో ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చరిత్ర చెప్పారు. తండ్రి వైస్ చాన్సలరుగా పనిచేసిన విశ్వవిద్యాలయమే. తర్వాత నేషనల్ ఆర్కైవ్స్, అక్కడి నుంచి 1954లో విదేశాంగ శాఖ చరిత్ర విభాగానికి డైరెక్టరు. పన్నెండేళ్ళు ఆ కుర్చీలో ఉన్నారు. ఆ విభాగం పని ఏమిటంటే, మంత్రి రేపు పార్లమెంటులో మాట్లాడాలంటే ఇవాళ రాత్రికి పాత సంధులు, పాత పటాలు, పాత ఉత్తరాలు తవ్వి, ఎవరు ఎప్పుడు ఏమన్నారో ఒక కాగితం మీద పెట్టడం. ఉద్యోగం వదిలాక ఆక్స్‌ఫర్డులోనూ, తర్వాత ఢిల్లీ జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయంలోనూ పాఠం చెప్పారు. నెహ్రూ జీవిత చరిత్ర మూడు సంపుటాలు 1975, 1979, 1984లో వచ్చాయి. మొదటిదానికి సాహిత్య అకాడమీ బహుమానం వచ్చింది. 1989లో తండ్రి జీవిత చరిత్ర రాశారు. కొడుకు రాసిన తండ్రి కథలో ఇంత నిర్మొహమాటం ఉండటం అరుదు. తండ్రి సంసారంలోని లోపాలని కూడా ఆయన వదల్లేదు.

అగ్రరాజ్యాల మధ్య భారతదేశం ఎలా నడిచిందో తెలుసుకోవాలంటే గోపాల్ పుస్తకాల గుండా పోక తప్పదు. నాకు ఆయన మీద గౌరవం ఎంతో, ఒక ఫిర్యాదూ అంతే. ఆయన కథ చూసేది ఢిల్లీ కిటికీలోంచి. అదే కథని తెనాలి నుంచో, రేపల్లె నుంచో, ఇక్కడి నుంచో చూస్తే లెక్క వేరేగా తేలుతుంది. పెద్ద రాజ్యాలు స్నేహం చేసుకున్నా తెంచుకున్నా ఖర్చు ఎక్కడో చిన్నచోట, ఆ స్నేహంలో భాగం లేనివాళ్ళ ఖాతాలో పడుతుంది. దానికి రుజువు తెలుగునేలే.

1950 జనవరిలో రాధాకృష్ణన్ క్రెమ్లిన్‌లో స్టాలిన్‌ని కలిశారు. అంతకు ముందు అక్కడ మన రాయబారిగా ఉన్న విజయలక్ష్మీ పండిట్‌కి ఆ దర్శనం దొరకలేదు. నెహ్రూ ప్రభుత్వం ఇంగ్లీషువాళ్ళ తోక అని మాస్కో అనుకుంటున్న రోజులవి. రాధాకృష్ణన్ ఆక్స్‌ఫర్డు ఆచార్య పదవి వదలకుండానే రాయబారి అయ్యారు, మంచం మీద పడుకుని పుస్తకాలు రాసుకునే రాయబారి అని పేరు. అలాంటి మనిషిని స్టాలిన్ పిలిపించుకోవడం మాస్కోలోని మిగతా రాయబారులకి వింతగానే తోచింది. కళింగ యుద్ధం గెలిచి యుద్ధం మానేసిన అశోకుడి సంగతి రాధాకృష్ణన్ ఎత్తితే, నేనూ ఒకప్పుడు మతపాఠశాలలో చదివినవాణ్ణేనని స్టాలిన్ అన్నాడని చెబుతారు. ఆ సంభాషణ కంటే ముఖ్యమైన సంగతి, ఆ తర్వాత తలుపు పూర్తిగా మూసుకోలేదు. 1952 ఏప్రిల్‌లో సెలవు తీసుకోవడానికి వెళ్ళినప్పుడు మళ్ళీ కలిశారు.

ఆ రెండు దర్శనాల మధ్య, 1951 ఫిబ్రవరిలో, ఇంకో ఇద్దరు తెలుగువాళ్ళు స్టాలిన్ ముందు కూర్చున్నారు. వీళ్ళకి పాస్‌పోర్టులు లేవు. కలకత్తా నుంచి సోవియట్ ఓడలో దొంగతనంగా వెళ్ళారు. ఒకరు కృష్ణా జిల్లా మంగళాపురం చండ్ర రాజేశ్వరరావు, ఒకరు రేపల్లె దగ్గర తూర్పుపాలెం మాకినేని బసవపున్నయ్య. వాళ్ళతో కమ్యూనిస్టు పార్టీ నాయకులు అజయ్ ఘోష్, డాంగే. భారత రాయబార కార్యాలయం ఉన్న నగరంలోనే, భారత ప్రభుత్వం వేటాడుతున్న పోరాట నాయకులు అదే క్రెమ్లిన్‌లో తెలంగాణ గెరిల్లా దళాల సంగతి మాట్లాడుతున్నారు. మాస్కో రెండు తలుపులూ తెరిచి ఉంచింది. ముందు తలుపు నెహ్రూకి, పెరటి తలుపు వీళ్ళకి.

ఆ సమావేశం రికార్డు సోవియట్ యూనియన్ పోయాక బయటికి వచ్చింది. అందులో స్టాలిన్ వాదం చాలావరకు భూగోళం. చైనా దళాలు మంచూరియా చేరాక వాటి వీపుకి సోవియట్ దేశం ఆసరాగా నిలిచింది, మీకు అలాంటి స్నేహరాజ్యం వెనక ఏముంది? ఇదీ ఆయన ప్రశ్న. చైనా దారే మన దారి అని నమ్మిన ఆంధ్రా నాయకులకి అది గట్టి దెబ్బ. సైనిక కూటమి అంటే ఒప్పంద పత్రం అని పుస్తకాలు చెబుతాయి. అడవిలో తుపాకీ పట్టినవాడికి మాత్రం వెనక ఎవరి సరిహద్దు ఉన్నది అన్నదే కూటమి. 1951 అక్టోబరు 21న తెలంగాణ సాయుధ పోరాటం విరమించారు. ఆ నిర్ణయానికి స్టాలిన్ మాట ఒక్కటే కారణం కాదు. సైన్యం చేతిలో దళాలు నలిగిపోయి ఉన్నాయి, పార్టీ లోపల చీలిక ఉంది, ఎన్నికలు దగ్గరపడ్డాయి. కానీ ఆ మాట లేకపోతే ఆ రోజుకి విరమణ జరిగేది కాదని నా అభిప్రాయం.

ఇప్పుడు 1955. ఈ సంవత్సరం మీద కొంచెం ఎక్కువసేపు ఆగుతాను.

ఆంధ్ర రాష్ట్రం వచ్చి ఏడాది గడిచీ గడవక ముందే, 1954 నవంబరులో, ప్రకాశం పంతులుగారి మంత్రివర్గం కల్లు గొడవ మీద ఒక్క ఓటుతో పడిపోయింది. ఫిబ్రవరిలో మధ్యంతర ఎన్నికలు. కమ్యూనిస్టులు అధికారం తమదేననే ధీమాలో ఉన్నారు. వాళ్ళు గెలిస్తే దేశంలో మొదటి కమ్యూనిస్టు ప్రభుత్వం కర్నూలులో కూర్చుంటుంది. లోకం కళ్ళన్నీ కోస్తా జిల్లాల మీదే. అంతకు ముందు ఏడాది మేలో పాకిస్తాన్ అమెరికాతో సైనిక సహాయ ఒప్పందం చేసుకుంది. సెప్టెంబరులో మనీలాలో సీటో కూటమి పుట్టింది, అందులోనూ పాకిస్తాన్ చేరింది. బాగ్దాద్ ఒప్పందం రాబోతోంది. అమెరికా మన చుట్టూ కూటముల కంచె వేస్తుంటే, ఆ కంచెలోకి రానన్న నెహ్రూ మాస్కోకి ఒక్కసారిగా ముద్దొచ్చాడు. స్టాలిన్ పోయి రెండేళ్ళు కావస్తోంది. కొత్త నాయకులకి ఆసియాలో స్నేహితుడు కావాలి.

ఆ జనవరి 26న, పోలింగు ఇంకా రెండు వారాలు ఉందనగా, మాస్కోలో ప్రావ్దా పత్రిక గణతంత్ర దినం సందర్భంగా సంపాదకీయం రాసింది. నెహ్రూ ప్రభుత్వ విదేశాంగ విధానాన్ని మెచ్చుకుంది. కాంగ్రెసువాళ్ళు దాన్ని తెలుగులో అచ్చు వేసి పంచారు. మీ పెద్దన్నే మా నాయకుణ్ణి పొగుడుతుంటే మీరు మమ్మల్ని తిట్టడమేమిటి అని వేదికల మీద నిలదీశారు. దానికి సమాధానం చెప్పడం ఏ కార్యకర్తకైనా కష్టమే. ఊరూరా తిరిగి నెహ్రూ దళారీ ప్రభుత్వం అని చెప్పినవాడు, సాయంత్రం సభలో ప్రావ్దా కాగితం చేత్తో పట్టుకున్న ఎదుటిపక్షం వాడికి ఏం చెబుతాడు?

ఫలితం అందరికీ తెలుసు. 196 స్థానాల్లో కమ్యూనిస్టులకి 15. కాంగ్రెసు, కృషికార్ లోక్‌పార్టీ, ప్రజాపార్టీ కలిసిన కూటమికి 146. ఓట్లు చూస్తే కమ్యూనిస్టులకి 31 శాతం దాకా వచ్చాయి, అంటే జనం వాళ్ళని వదిలెయ్యలేదు. ఎదుటివాళ్ళంతా ఒక్కటైతే ఓట్లు స్థానాలుగా మారలేదు. ప్రావ్దా సంపాదకీయమే ఓడించిందంటే అతిశయోక్తి. ఎదుటి కూటమి, భూమి పోతుందన్న భయం, ఆవడి కాంగ్రెసులో అప్పుడే చేసిన సోషలిస్టు తీర్మానం అన్నీ కలిశాయి. సత్తెనపల్లిలో వావిలాల గోపాలకృష్ణయ్య గారి లాంటివాళ్ళు ఆ గాలిలోనూ నిలబడ్డారు, అది ఆయన సొంత పలుకుబడి. కానీ సంపాదకీయం సంగతి వేరు. తన పార్టీకి ఎంత నష్టమో లెక్కించుకోకుండా మాస్కో అలా రాసిందని నేను అనుకోను. లెక్కించుకునే రాసింది. ఢిల్లీ స్నేహం ముందు కర్నూలు పీఠం దానికి చిన్న విషయం. అమెరికా తన మిత్రుల్ని ఎలా వాడుకుందో మన పత్రికలు చాలా రాశాయి. ఈ వైపు వాడకం గురించి అంత రాయలేదు.

ఆ ఏడాది చివర సోవియట్ నాయకులు క్రుశ్చేవ్, బుల్గానిన్ భారతదేశం వచ్చారు. డిసెంబరు 10న క్రుశ్చేవ్ శ్రీనగర్‌లో కాశ్మీరు భారతదేశంలో భాగమని బహిరంగంగా ప్రకటించాడు. పాకిస్తాన్ వాషింగ్టన్ నుంచి తెచ్చుకున్న తుపాకులకి అది మనకి దొరికిన జవాబు. సరిగ్గా అదే రోజు నెహ్రూ ఎక్కడున్నారో తెలుసా? మన నందికొండలో, నాగార్జునసాగర్‌కి పునాదిరాయి వేస్తున్నారు. కుడికాలువ మీద బతికే ఈ ప్రాంతానికి ఆ తేదీ పండగ లాంటిది. రెంటికీ ముడిపెట్టి పెద్ద సిద్ధాంతం చెయ్యను. ఒక్క మాట మాత్రం అంటాను. అలీన విధానం అంటే గట్టు మీద కూర్చుని తమాషా చూడటమని కొందరు వెక్కిరిస్తారు. ఆ ఏళ్ళ కాగితాలు చూస్తే అలా కనపడదు. సరిహద్దు మాట ఒకరి దగ్గర, ఉక్కు ఇంకొకరి దగ్గర, గోధుమలు మరొకరి దగ్గర తెచ్చుకుంటూ ఎవరికీ పూర్తిగా లొంగకుండా నెట్టుకొచ్చిన బేరం అది. బేరం ఎప్పుడూ మనవైపే మొగ్గలేదు కూడా. 1966లో అమెరికా అధ్యక్షుడు జాన్సన్ పీయల్ 480 సాయం గోధుమల ఓడల్ని నెలనెలా ఆపి ఆపి వదిలాడు, వియత్నాం మీద మన మాటలు అతనికి రుచించలేదు. మరుసటి ఏడు ఆగస్టులో సాగర్ కాలువలకి నీళ్ళు వదిలారు.

కొన్నేళ్ళు వెనక్కి వెళ్దాం. ఢిల్లీలో గోపాల్ బల్ల మీద వేరే ఫైలు పెరుగుతోంది. అక్సాయ్ చిన్ మీదుగా చైనా రోడ్డు వేసిన సంగతి బయటపడ్డాక, 1959 చివర్లో నెహ్రూ ఆయన్ని లండన్ పంపి ఇండియా ఆఫీసు కాగితాలు చూసి రమ్మన్నారు. చూసి వచ్చి, మన హక్కే బలమైనదని చెప్పారు. 1960లో రెండు దేశాల అధికారులు పెకింగ్, ఢిల్లీ, రంగూన్‌లలో కూర్చుని కాగితానికి కాగితం పెట్టి వాదించుకున్నారు. మన జట్టులో గోపాల్ ఉన్నారు. ఆ వాదనల నివేదిక 1961లో అచ్చయింది. చదివితే మన పక్షం పత్రాలే ఎక్కువ, పద్ధతిగా ఉన్నాయి. వాదనలో గెలిచాం. నా ఉద్దేశంలో గోపాల్ జీవితంలో అతి కష్టమైన ఘట్టం ఇదే. చరిత్రకారుడు ఫైలు చదివి ఇది మనది అని చెప్పగలడు. ఎదుటివాడు ఆ ఫైలుని ఖాతరు చేస్తాడా లేదా అన్నది ఫైలులో ఉండదు. మన హక్కు గట్టిదని తేలినకొద్దీ ఢిల్లీకి సర్దుబాటు చేసుకునే చోటు ఇరుకైంది. ఆ ఇరుకులో తన పాలు ఎంతో గోపాల్ తన సంపుటంలో తూచి చూసుకోలేదు. వకీలు చరిత్రకారుడిగా మారినప్పుడు వచ్చే చిక్కు ఇది.

కానీ ఆ చేతి రాతే ఇంకోచోట నన్ను నిలబెట్టేసింది. 1962 అక్టోబరు 20న చైనా దాడి మొదలైంది. లోకం అప్పుడు క్యూబా క్షిపణుల మీద ఊపిరి బిగబట్టుకుని ఉంది. మాస్కో మొదట్లో చైనావైపు మొగ్గి మాట్లాడింది, క్యూబా గండంలో తమ్ముడితో తగవు దానికి ఇష్టం లేదు. ఏడేళ్ళ కిందట శ్రీనగర్‌లో ఇచ్చిన మాట ఆ వారం పనికి రాలేదు. నవంబరు 18న సేలా, బొమ్‌డిలా పోయాయి. అస్సాం కూడా పోతుందన్న భయం. 19న నెహ్రూ ఒకే రోజు కెనెడీకి రెండు ఉత్తరాలు రాశారు. రెండో ఉత్తరంలో అడిగింది చూడండి. శబ్దవేగాన్ని మించిన పన్నెండు స్క్వాడ్రన్ల యుద్ధవిమానాలు, వాటికి రాడార్లు, అమెరికా సిబ్బందితో సహా. వీటికి తోడు రెండు స్క్వాడ్రన్ల బి-47 బాంబర్లు. పదిహేనేళ్ళు కూటములు వద్దన్న మనిషి కలంతో రాసిన మాటలివి. మంత్రివర్గ సహచరులతో చెప్పలేదు. జవాబు వచ్చేలోపే చైనా తనంతట తాను కాల్పులు విరమించింది.

ఈ ఉత్తరాల పూర్తి పాఠం కెనెడీ గ్రంథాలయంలో అందరికీ అందుబాటులోకి వచ్చింది 2010లో. కానీ 1984లోనే గోపాల్ మూడో సంపుటంలో ఆ సంగతి బయటపెట్టారు. ఆలోచించండి. నెహ్రూని మనసారా ప్రేమించిన మనిషి. నెహ్రూ కూతురు ప్రధానిగా ఉన్న రోజులు. ఆమె అనుమతితోనే ఆ కాగితాలు చూస్తున్నాడు. తన కథానాయకుడి సిద్ధాంతానికే గండి కొట్టే ఉత్తరం చేతికి వచ్చింది. మూసి పెట్టెలో పెట్టేస్తే అడిగేవాడు లేడు. పెట్టలేదు. గోపాల్ నెహ్రూ పొరపాట్లని రక్షణ మంత్రి కృష్ణ మేనన్ మీదకీ, అధికారుల మీదకీ నెట్టాడని విమర్శకులు అంటారు. ఆ మాటలో నిజం ఉంది. ఆ విమర్శకులకి ఆయుధం ఇచ్చింది కూడా ఆయనే.

ఆ నవంబరులోనే దేశమంతటా కమ్యూనిస్టుల అరెస్టులు జరిగాయి. అప్పటికి మాస్కో, పెకింగ్ ఒకదాని మొహం ఒకటి చూసుకోవడం లేదు. ఆ తగవు రెండేళ్ళలో అప్పటి మన గుంటూరు జిల్లాకి వచ్చేసింది. 1964 జూలైలో తెనాలిలో జరిగిన సదస్సులో పార్టీ చీలిక ఖాయమైంది. మావో బొమ్మ పెట్టాలా వద్దా అన్నది కూడా అక్కడ వివాదమే. ఆ ఏడాది చివరకు రెండు పార్టీలయ్యాయి. స్టాలిన్ ముందు పక్కపక్కన కూర్చున్న ఇద్దరిలో చండ్ర రాజేశ్వరరావు ఒక పార్టీకి ప్రధాన కార్యదర్శి, బసవపున్నయ్య ఇంకో పార్టీ పొలిట్‌బ్యూరోలో సిద్ధాంతకర్త. అన్నదమ్ములు చెరో జెండా కింద నిలబడ్డ ఇళ్ళు, పెళ్ళి పిలుపులు ఆగిపోయిన ఇళ్ళు ఈ జిల్లాలో ఎన్నో. వాటికి ఏ దేశ విదేశాంగ శాఖలోనూ ఫైలు లేదు.

తర్వాతి కథ త్వరగా చెప్పేస్తాను. 1971 ఆగస్టు 9న సోవియట్ దేశంతో మైత్రీ ఒప్పందం. దాని తొమ్మిదో అధికరణం ప్రకారం ఎవరి మీదైనా దాడి జరిగినా, దాడి ముప్పు ఉన్నా రెండు దేశాలూ వెంటనే సంప్రదించుకోవాలి. కూటమి కాని కూటమి అది, నాలుగు నెలల్లో బంగ్లాదేశ్ యుద్ధానికి పనికొచ్చింది. ఆ సోవియట్ దేశమే కనపడకుండా పోయిన రోజుల్లో ప్రధానిగా ఉన్నది ఇంకో తెలుగాయన, పి.వి.నరసింహారావు. 1993 జనవరిలో యెల్ట్‌సిన్ ఢిల్లీ వచ్చినప్పుడు కొత్త ఒప్పందం మీద సంతకాలయ్యాయి. అందులో ఆ పాత భద్రతా షరతు లేదు. రాధాకృష్ణన్ తెరిపించిన ముందు తలుపు దగ్గర లెక్కలు సరిచూసింది పీవీయే. దాని మీద సరైన పుస్తకం తెలుగులో ఇంకా రావాల్సే ఉంది.

చివరగా ఈ సభ నుంచి నాకు కావలసింది ఒకటి అడుగుతాను. నెహ్రూ ఉత్తరాలు ఢిల్లీలో, కెనెడీ కాగితాలు బోస్టన్‌లో, స్టాలిన్ సంభాషణ మాస్కోలో భద్రంగా ఉన్నాయి. 1955 జనవరి, ఫిబ్రవరి నెలల్లో పల్నాడు ఊళ్ళలో పంచిన కరపత్రాలు మాత్రం ఇళ్ళ అటకల మీద, ట్రంకుపెట్టెల్లో ఉండాలి, ఉంటే. మీ తాతగారు కాంగ్రెసో, కమ్యూనిస్టో, లోక్‌పార్టీయో నాకు అనవసరం. ప్రావ్దా సంపాదకీయం తెలుగు అచ్చు కాగితం గానీ, దానికి జవాబుగా అవతలివాళ్ళు వేసింది గానీ దొరికితే పాత కాగితాలవాడికి వెయ్యకండి. ఊళ్ళో గ్రంథాలయానికి ఇవ్వండి, లేదా ఒక ఫోటో తీసి ఉంచండి. అడుగున ప్రెస్సు పేరు ఉంటుంది, ఆ అంచు చిరగకుండా చూడండి.